ఆకుపచ్చ స్తంభాల కోట

"మూడు రోజుల్నుంచి ఒకటే ప్రశ్న సార్. నగ యాడ పెట్టినావు? ఇంకేమీ అడగల్యా," అన్నాడు వరదరాజులు.

అతని కుడిచేతికి బేడీ వేసి, రెండో కొనను మంచం కోడుకు తగిలించారు. జమ్మలమడుగు ట్రావెలర్స్ బంగళాలో వెనక గది అది. జిల్లా కేంద్రం నుంచి వచ్చిన ఇన్‌స్పెక్టర్ ఆదినారాయణ ముందు గదిలో క్యాంపు పెట్టాడు. సాయంత్రం నాలుగున్నరకు వ్యాన్ వస్తుంది. వరదరాజులును కడప జైలుకు తీసుకుపోతారు.

గురురాజారావు స్టూలు ముందుకు లాక్కున్నాడు. పోలీసు ఉద్యోగం వదిలేసి ప్రొద్దుటూరులో సొంతంగా కేసులు చూసే మనిషి ఆయన. నిన్న వరదరాజులు భార్య రుక్మిణమ్మ ఇంటికొచ్చి, "మా ఆయనకు రంగుల మీద తప్ప బంగారం మీద యావ లేదు" అని చెప్పింది. ఆ మాటను రావు సాక్ష్యంగా తీసుకోలేదు. కేసు మాత్రం తీసుకున్నాడు.

"నేను వేరేవి అడుగుతా, అయివారూ."

ఆ పిలుపుకు వరదరాజులు తలెత్తాడు. మద్రాసు పోకముందు అతను ప్రొద్దుటూరులో పిల్లలకు డ్రాయింగు నేర్పేవాడు. ఇప్పుడు సినిమాలకు కళాదర్శకుడు. గండికోటలో తీస్తున్న చారిత్రక చిత్రానికి కొలువుకూటం, సింహాసనం, పల్లకీలు, కత్తులు అన్నీ అతనే చేయించాడు. కోటలో మిగిలిన రాతిగోడలను అలాగే వాడుకున్నాడు. కూలిపోయిన వాటిని వెదురుతో, గోనెగుడ్డతో, ప్లాస్టరుతో మళ్లీ కట్టాడు.

"కాసులపేరు ఎవరిది?"

"లింగాల గురమ్మగారిది. పులివెందుల తాలూకాలో పెద్ద సేద్యం వాళ్లది. రాణి మెడలో పాతకాలపు నగ ఉండాలని నేనే పోయి అడిగినా. ఆమె ఇస్తానన్నది. నగకు కాపలాగా పదిహేను రోజుల కింద మరిది నారాయణను పంపించింది. ఊరేగింపు సీనుకని ఆయన తన ఎద్దుల జతనూ తోలుకొచ్చినాడు. ఆయన రోజూ పొద్దున పెట్టె తెచ్చి నా చేతికిస్తాడు. సాయంత్రం తీసుకుపోతాడు."

"దానికి నకలు కూడా చేయించినారంట. ఎందుకు?"

"రాణి గుర్రం మీద దూకే షాటు ఒకటుంది. ఆ దూకుడుకు అసలుది తెగుతుంది. అందుకని మద్రాసులో ఇత్తడి బిళ్లలతో చేయించినా. మెడలో అసలు దాని మాదిరే వేలాడాలని బిళ్లల వెనక సీసం పోయించినా."

"చూస్తే తేడా తెలుస్తుందా?"

"చేతిలోకి తీసుకొని తిప్పి చూస్తే తెలుస్తుంది. రెండు బారల దూరం నుంచి తెలిస్తే నా పని చెడినట్టే."

"బుధవారం ఏం జరిగింది?"

"నారాయణ పెట్టె తెచ్చిచ్చినాడు. నగను షాటుకు తయారు చేసి మేకప్ డేరాలో బట్ట మీద పెట్టినా. నకలు ఆ పొద్దునే మద్రాసు నుంచి వచ్చింది. పార్శిలు విప్పి, దాన్నీ పక్కనే పెట్టి, కోట బయటి గోడ దగ్గరికి పోయినా. ముట్టడి సీనుకు ఆడ తుపాకిమందు పెట్టే పని ఉండింది. పదిన్నరకు కేకలు వినపడినాయి. బంగారం పోయింది, ఇత్తడిది మాత్రమే మిగిలింది అని నారాయణ అరుస్తాండాడు. నేను వచ్చేసరికి మిగిలిన దాన్ని పెట్టెలో పెట్టి తాళం వేసినారు. నన్ను డేరాలోకి పోనీలేదు."

"షాటుకు తయారు చేయడమంటే..."

తలుపు తెరుచుకుంది. ఆదినారాయణ లోపలికొచ్చాడు. ఒకప్పుడు ఇద్దరూ ఒకే బ్యాచిలో శిక్షణ పొందారు. రావు ఉద్యోగం మానేశాడు. ఆదినారాయణ ఇన్‌స్పెక్టరయ్యాడు. అప్పటి నుంచి ఇద్దరి మధ్యా మర్యాద పెరిగింది, స్నేహం పోయింది.

"ప్రొద్దుటూరు సి.ఐ.డి. వారు ఎప్పుడొచ్చినారు? చెప్పి ఉంటే బ్యాండు మేళం పెట్టించేవాణ్ణి."

"మేళం ఎందుకులెండి. ఒక గంట ముద్దాయిని కోటకు తీసుకుపోనిస్తే చాలు."

"దేనికి?"

"నగ దొరుకుతుందేమోనని."

ఇన్‌స్పెక్టర్ నవ్వాడు. "గురురాజారావు గారూ, నేను కోట వాకిలి మూయించి నూటముప్పై మందిని సోదా చేసినా. నగ బయటికి పోలేదు. లోపలే ఉంది. ఈయన కట్టిన కోటలో ఏది డొల్లో ఏది గట్టిదో ఈయనకే తెలుసు. ప్రతి స్తంభాన్నీ కొట్టి చూసినాం."

"ఏం తేలింది?"

"ఏం తేలేది? అన్నీ డొల్లే."

వరదరాజులు గొంతు సవరించుకున్నాడు. నవ్వును ఆపుకోవడానికి కావచ్చు.

"పగలగొట్టి చూడలేదా?" అన్నాడు రావు.

"ప్రొడ్యూసర్ ఒప్పుకోలేదు. ఈ పొద్దు పట్టాభిషేకం తీస్తారంట, నగ ఉన్నా లేకపోయినా. కాబట్టి నగ జాడను ఈ అయ్యే చెప్పాల. ఇక్కడ చెప్పకపోతే కడపలో చెప్తాడు. కోటకు గీటకు పంపేది లేదు."

"పంపించండప్పా," అన్నది ఒక ఆడగొంతు వరండాలోంచి.

పులివెందుల బస్సు దిగి నేరుగా వచ్చిన గురమ్మ గుమ్మంలో నిలబడింది. అరవై దాటిన మనిషి. చేతిలో సంచి తప్ప వెంట ఎవరూ లేరు.

"నాకు నా నగ గావాల. జైల్లో ఎవరుండాలనేది మీ ఇష్టం. ఈయప్ప దొరుకుతుందేమో అంటాండాడు. మీరు దొరకలేదంటాండారు. దొరుకుతాదనేటోని మాట వింటే పోయేదేముంది?"

ఇన్‌స్పెక్టర్ గడియారం చూసుకున్నాడు. రెండయింది.

"గంట," అన్నాడు. "అంతే. దొరక్కపోతే ఈ మనిషిని ఆడ్నించే వ్యాన్ ఎక్కిస్తా. ఆ పైన మీరు ఈ కేసు ఛాయలకు రాకూడదు."

"సరే."

వరదరాజులు రావు వైపు చూశాడు. ఆ 'సరే' ఎవరి మెడకు చుట్టుకుంటుందో అతనికి తెలుసు.

కొలువుకూటం కోట లోపల, రెండు రాతిగోడల మధ్య కట్టారు. చివర్న వేదిక, దాని మీద సింహాసనం. వాకిలి నుంచి దాని దాకా ఇరువైపులా ఆరేసి స్తంభాలు. ప్రతి స్తంభానికీ తల ఎత్తున ఒక ఇనుప కొక్కెం, దాంట్లో కాగడా. షాటు కోసం మనుషులు అప్పటికే చేరారు. మొన్న సోదా చేసిన ఇన్‌స్పెక్టర్‌ను చూసి వడ్రంగులు పని ఆపి గోడకు ఆనుకున్నారు. నారాయణ వేదిక మెట్టు మీద కూర్చుని ఉన్నాడు. వదినను చూసి లేచాడు.

గురమ్మ స్తంభాలనూ, వాటి పక్కన రాతిగోడనూ మార్చి మార్చి చూసింది.

"ఇదేంది? గోడేమో ఎర్రగ, స్తంభాలేమో పచ్చగ. రామచిలక మాదిరి ఉండాది కోట."

"ఊర్లో అందరూ అదే మాట అంటాండారు," అన్నాడు నారాయణ.

"నిజం కోట ఎట్లుందో చూసి కట్టాల గదా, అయివారూ," అన్నాడు ఇన్‌స్పెక్టర్. "కన్ను పోయిందా?"

వరదరాజులుకు మూడు రోజుల్లో మొదటిసారి పోలీసు నోట తన పని గురించిన ప్రశ్న వినిపించింది. బేడీ ఉన్న చేతిని, రెండో కొన తగిలించిన కానిస్టేబుల్ చేతితో సహా ఎత్తి పని బల్ల వైపు చూపించాడు. "ఆ తోలు సంచి ఇప్పించండి సార్."

సంచిలో అరచేతి వెడల్పు గాజుపలక ఉంది. దట్టమైన గోధుమరంగు. చుట్టూ కొయ్య చట్రం.

"ఇది నలుపు తెలుపు బొమ్మ," అన్నాడు. "కెమెరాకు పచ్చా ఎరుపూ తెలియవు. వెలుగెంత, నీడెంత, అదే తెలుసు. ఈ అద్దంలో చూస్తే రంగులన్నీ చచ్చిపోతాయి. వెలుగూ నీడే మిగుల్తాయి. ఎర్రమట్టి పూసి చూసినా, గోడతో కలవలేదు. పసుపు మట్టిలో దీపం మసి కలిపితే కలిసింది. పసుపూ మసీ కలిస్తే కంటికి పచ్చగా కనపడుతుంది. కంటికి కనపడేదానితో నాకు పని లేదు."

రావు అద్దం తీసుకుని కంటికి పెట్టుకున్నాడు.

ఎరుపు పోయింది, పచ్చ పోయింది. గోడా స్తంభాలూ ఒకే రాయి. ఎక్కడ పాతది ఆగిందో, ఎక్కడ కొత్తది మొదలైందో దొరకలేదు. ఆయన అద్దం దించి గురమ్మకు ఇచ్చాడు. ఆమె చూసి, దించి, మళ్లీ చూసింది.

"యబ్బా," అన్నది. "కోట నిలబడింది."

"సినిమా చూడ్డానికి రాలేదు మనం," అన్నాడు ఇన్‌స్పెక్టర్.

రావు అద్దం వెనక్కి తీసుకుని వాకిలి దగ్గర మొదలుపెట్టాడు. ఎడమ వరస స్తంభాలు ఒక్కొక్కటీ పైనుంచి కిందికి చూశాడు. ఏమీ లేదు. కుడి వరసకు వచ్చాడు. నడిచాడు, ఆగాడు, నడిచాడు. చివరి స్తంభం దగ్గర, సింహాసనానికి కుడిపక్కన, నడుము ఎత్తులో అద్దంలో ఒక నల్లటి మచ్చ కనపడింది. జొన్నరొట్టె అంత. అద్దం తీశాడు. మచ్చ లేదు, స్తంభమంతా ఒకే పచ్చ. అద్దం పెట్టాడు. మచ్చ ఉంది.

"అయివారూ, ఈ స్తంభానికి మరమ్మతు చేయించినారా?"

"లేదు."

"మీ పనివాళ్లు మీకు చెప్పకుండా చేసుంటే?"

"చేసినా అద్దం పెట్టి చూడకుండా కుంచె ముట్టరు. మా దాంట్లో మొదటి పాఠం అది. చూడండి, ఒక్కొక్కరి మెడలో ఒక ముక్క ఉంటుంది."

గోడకు ఆనుకున్న వడ్రంగుల పక్కన ఇద్దరు రంగుల పనివాళ్లున్నారు. వాళ్ల మెడల్లో తాడుకు గోధుమరంగు గాజుముక్కలు వేలాడుతున్నాయి.

ఇన్‌స్పెక్టర్ అద్దం లాక్కుని చూశాడు. మచ్చ ఆయనకూ కనపడింది. ముఖంలో వెలుగొచ్చింది.

"చెప్పినానా లేదా? ఈయన స్తంభంలోనే."

"స్తంభం ఈయనదే," అన్నాడు రావు. "ఆ ముక్క ఈయనది కాదు. కంటికి అంత బాగా కలిసే రంగు పూసినవాడు కష్టపడి కలిపినాడు. అంత కష్టం ఎందుకు పడినాడంటే, ఈడ కన్నుతో కలుపుతారని అనుకున్నాడు. ఈయన మనుషులైతే కంటికి తేడా ఉన్నా పట్టించుకోరు, అద్దంలో కలిసిందా లేదా అని చూస్తారు. ఇది బయటివాని పని."

"బయటివానికి ప్లాస్టరు కలపడం ఎవరు నేర్పినారు?"

"పదిహేను రోజులు ఊరికే కూర్చుని చూసే పని ఎవరికైనా ఉంటే, నేర్పాల్సిన పని లేదు."

అని, రావు అద్దం పెట్టుకుని కొలువుకూటం బయటికి చూశాడు. ఊరేగింపు సీనుకు తెచ్చిన ఎడ్లు ఆవరణలో మేస్తున్నాయి. అద్దంలో ఎడ్లూ నేలా తెల్లగా ఉన్నాయి. ఒక జత కొమ్ములు మాత్రం నల్లగా ఉన్నాయి. స్తంభం మీది మచ్చ ఎంత నలుపో అంతే నలుపు. అద్దం తీశాడు. ఆ కొమ్ములకు పచ్చరంగు పూసి ఉంది. ఆయన ఏమీ అనకుండా అద్దాన్ని జేబులో పెట్టుకున్నాడు.

"పగలగొట్టించండి," అన్నాడు.

కానిస్టేబుల్ లాఠీతో రెండు దెబ్బలు వేశాడు. ప్లాస్టరు ఊడింది. ఇన్‌స్పెక్టర్ చేయి పెట్టి, వెదురుకు కట్టిన గుడ్డమూట విప్పి బయటికి లాగాడు. ఎండ పడగానే కాసులపేరు మెరిసింది. మనుషులు దగ్గరికి జరిగారు.

"మూడు గంటలు కాలేదు," అన్నాడు ఇన్‌స్పెక్టర్. "నగ దొరికింది. ముద్దాయి కట్టిన స్తంభంలో దొరికింది. రావుగారు చేసిన సహాయం నా రిపోర్టులో రాస్తా. అమ్మా, మీ నగ మీరు చూసుకోండి."

గురమ్మ దాన్ని అరచేతిలో పరుచుకుంది. ఒక బిళ్లను తిప్పి గోటితో గీరింది. ఇంకొకటి తిప్పింది. తర్వాత మొత్తాన్ని ఇన్‌స్పెక్టర్ చేతిలో పెట్టింది.

"ఎనక సీసం ఉండాదప్పా. ఇది నాది గాదు. ఇత్తడిది."

ఇన్‌స్పెక్టర్ నోరు తెరిచాడు. ఆయన కంటే ముందు నారాయణ మాట్లాడాడు.

"ఇత్తడిదా? ఇత్తడి అంత బరువెట్లుంటాది వదినా? సరిగ్గా చూడు."



"ఎంత బరువుంది, నారాయణా?" అన్నాడు రావు.

నారాయణ ఇన్‌స్పెక్టర్ చేతిలోని నగ వైపు చూశాడు.

"నకలు బుధవారం పొద్దున వచ్చింది. దాన్ని ముట్టుకున్నది అయివారు. ఇప్పుడు స్తంభంలోంచి ఇన్‌స్పెక్టర్ గారి చేతికొచ్చింది. ఆయన మీ వదిన చేతికిచ్చినాడు. ఆమె మళ్లీ ఆయనకే ఇచ్చింది. నీ చేతికి ఎప్పుడొచ్చింది?"

"చూస్తే తెలీదా బరువు?"

"చూస్తే తెలిసేదైతే బంగారమో ఇత్తడో కూడా తెలిసేది." రావు అద్దం తీసి ఇన్‌స్పెక్టర్‌కు ఇచ్చాడు. "ఆ మచ్చను ఒకసారి చూడండి. తర్వాత బయట ఆ కుడివైపు ఎడ్ల కొమ్ములు చూడండి. లింగాల నుంచి ఊరేగింపుకు వచ్చిన జత. నారాయణ ఎద్దులు."

ఆదినారాయణ చూశాడు. స్తంభం వైపు, ఎడ్ల వైపు, మళ్లీ స్తంభం వైపు. పోలీసుగా ఆయనకు ఒక గుణముంది. కళ్ల ముందున్న దాన్ని లేదనడు. అద్దం దించాడు.

"కొమ్మురంగు," అన్నాడు.

"జిల్లాలో అందరి ఎద్దుల కొమ్ములకూ పచ్చరంగే పూస్తారు," అన్నాడు నారాయణ.

"పూస్తారు. అందరూ మేకప్ డేరా పక్కన కూర్చుని నగకు కాపలా కాయరు," అన్నాడు రావు. "షూటింగు అయినాక ఈ సెట్టు పీకి, చెత్త తోలుకుపోయే బండ్ల బేరం ఎవరికిచ్చినారు, అయివారూ?"

"నారాయణకే," అన్నాడు వరదరాజులు. "ఆయనే అడిగినాడు. శుక్రవారం బంగళాకొచ్చి అడిగినాడు."

"అంటే అందర్నీ సోదా చేసి అయిపోయినాక. స్తంభంతో సహా బండెక్కించుకొని ఇంటికి పోదామని."

నారాయణ మెట్టు మీద కూర్చున్నాడు. వదిన వైపు చూసి మాట్లాడాడు.

"అది మా యమ్మ మెడలో ఉండిన నగ. పెద్దకోడలని నీకిచ్చె. నువ్వు దాన్ని సినిమా ఆడదాని మెడలో ఏస్తివి. నన్నేమో కుక్క మాదిరి కాపలా పెడితివి."

"దానికని కొమ్మురంగు పూసి బొంగులో దాచినావా?" అన్నది గురమ్మ. "ఆ మనిషిని మూడు దినాలు మంచానికి కట్టేసినారు. నువ్వు చూసి మెదలకుండా కూర్చుంటివి. మీ యమ్మ ఉండింటే నిన్ను జూసి శానా సంతోషపడుండు లే."



"ఆగండి," అన్నాడు ఇన్‌స్పెక్టర్. "ఈయన దొంగే. ఒప్పుకుంటా. కానీ ఈయన దాచింది ఇత్తడిది. బంగారం యాడ? అది తేలనంతవరకు బేడీ తీసే సమస్య లేదు. వ్యాన్ వస్తాంది."

 గెలుపు చేతికంది జారిపోవడం ఏమిటో వరదరాజులుకు అప్పుడు తెలిసింది.

రావు నారాయణ పక్కన గొంతుక్కూర్చున్నాడు. "బట్ట మీద రెండున్నాయి. నువ్వు దీన్నే ఎందుకు తీసినావు?"

"మెరిసేది అదొకటే సార్. రెండోది బూడిద పూసినట్టుండె. నేను రోజూ సాయంత్రం పెట్టెలో పెట్టుకునే నగ తళతళా మెరుస్తాది. ఆడోళ్ల నగ. తిప్పి చూసే అలవాటు నాకు యాడుంది?"

రావు లేచాడు. "అయివారూ, ఇందాక బంగళాలో నేనొకటి అడగబోయినా. మధ్యలో ఇన్‌స్పెక్టర్ గారొచ్చినారు. నగను షాటుకు తయారు చేయడమంటే ఏం చేస్తారు?"

వరదరాజులుకు అప్పుడు తట్టింది. నెమ్మదిగా అన్నాడు.

"సబ్బు రుద్దుతా."

"ఎందుకు?"

"బంగారం లైట్లకు మెరిస్తే ఫిలిం మీద తెల్లటి చుక్కలు పడతాయి. నగ కనపడదు, మెరుపే కనపడుతుంది. అందుకని పొడి సబ్బు రుద్ది మెరుపు చంపుతాం. సాయంత్రం కడిగి, తుడిచి నారాయణకిస్తా. నకలు ఇంకా షాటుకు రాలేదు. దానికి రుద్దలేదు."

"ఇది ఇన్‌స్పెక్టర్ గారికి చెప్పలేదేం?"

"నగ యాడ పెట్టినావన్నాడు గానీ, నగకు ఏం పెట్టినావని అడగలేదు సార్. మిగిలింది ఇత్తడిదే అని వాళ్లే చెప్పినారు. నాకు దాన్ని చూపించలేదు."

వడ్రంగుల్లో ఎవరో నవ్వారు. ఆదినారాయణ అటు చూడలేదు. ఆయన జీపు వైపు చూస్తున్నాడు. జీపు పెట్టెలో, లక్కముద్ర వేసిన గుడ్డసంచిలో, మిగిలిపోయిన నగ మూడు రోజులుగా ఆయన కస్టడీలోనే ఉంది.

"సీలు విప్పాలంటే కోర్టు ఉత్తర్వు కావాల," అన్నాడు. గొంతు తగ్గింది.

"రాసుకోండి," అన్నాడు రావు. "పంచుల సమక్షంలో విప్పినాం అని. ఇంతమంది పంచులు మీకు మళ్లీ దొరకరు."

"నా నగ నాకు చూపీడానికి ఏం కోర్టప్పా?" అన్నది గురమ్మ. "మీకు భయమైతే నేను విప్పుతా. నన్ను పట్టుకోండి."

ఇన్‌స్పెక్టర్ సంచి తెప్పించాడు. లక్క తనే విరిచాడు. లోపలి నుంచి వచ్చిన కాసులపేరు బూడిదరంగులో ఉంది. మేకప్ డేరా నుంచి చెంబుతో నీళ్లు తెచ్చారు. గురమ్మ మెట్టు మీద కూర్చుని, నగను ఒడిలో పెట్టుకుని, ఒక కాసును తడిపి కొంగుతో రుద్దింది. బూడిదరంగు కొంగుకు అంటింది. కాసు బయటపడింది. ఆమె దాన్ని తిప్పి వెనకవైపు చూసింది. రెండో కాసు తడిపింది. మూడోది. తర్వాత తలెత్తింది.

"మా అత్తది," అన్నది. "ఇదే."

వడ్రంగులు చప్పట్లు కొట్టారు. కొలువుకూటం అంతా అందుకుంది. ఊరేగింపు సైనికులు ఈటెలు నేలకేసి కొట్టారు. వెనక ఉన్నవాళ్లకు ఏం జరిగిందో తెలియక, తెలిసినవాళ్లను అడిగి, వాళ్లూ కొట్టారు. 

ఆదినారాయణ జేబులోంచి తాళంచెవి తీశాడు. కానిస్టేబుల్‌కు ఇవ్వలేదు. తనే వచ్చి బేడీ విప్పాడు.

"మూడు రోజులు నా పెట్టెలోనే ఉండింది," అన్నాడు రావుతో, ఇంకెవరికీ వినపడకుండా. "దీన్ని రిపోర్టులో ఎట్ల రాయాల?"

"ప్రభుత్వ కస్టడీలో భద్రంగా ఉందని రాయండి. అబద్ధం కాదు."

ఇన్‌స్పెక్టర్ ఆయన్ని చూశాడు. చాలా ఏళ్ల తర్వాత ఇద్దరూ ఒకేసారి నవ్వారు.

గురమ్మ వరదరాజులును దగ్గరికి పిలిచి నగను అతని చేతిలో పెట్టింది. "పట్టుకో అయివారూ. మళ్లా సబ్బు రుద్దుకో. రాణి మెడలో ఏసినాకే నేను బస్సెక్కుతా. ఈసారి కాపలా నేనే కూచ్చుంటా."

 వరదరాజులు నగను కళ్లకద్దుకుని ఆమెకే తిరిగిచ్చాడు. "ముందు ఆ కన్నం పూడ్చాల తల్లీ. షాటులో పడుతుంది," అన్నాడు.

అతను చొక్కా చేతులు మడిచాడు. రంగుల పనివాళ్లు ప్లాస్టరు బక్కెట్టుతో, గోనెపట్టాతో పరిగెత్తుకొచ్చారు. కన్నం పూడ్చాలంటే ముందు లోపలి వైపు గోనెపట్టా అడ్డం కట్టాలి. వరదరాజులు భుజం దాకా చేయి లోపలికి పెట్టి, వెదురు కోసం తడుముకున్నాడు. ఆగిపోయాడు.

"ఏమైంది?" అన్నాడు రావు.

"ఇక్కడ తాడుంది. నేను తాడు కట్టలేదు."

"లాగొద్దు."

"లాగట్లేదు." అతను వేళ్లను మెల్లగా బయటికి తీసి వాసన చూశాడు. వేళ్లు నల్లబడ్డాయి. రావు ముందుకు వంగాడు. ఆయనకూ ఆ వాసన తెలుసు.

"తుపాకిమందు వత్తి," అన్నాడు వరదరాజులు. "కిందికి, వేదిక పలకల కిందికి పోతుంది. పైకి కాగడా కొక్కెం దాకా పోతుంది. సార్, మందు పెట్టినవన్నీ బయటి గోడలోనే. ఈ స్తంభం పేలేది కాదు. ఇక్కడ రాజూ రాణీ కూర్చుంటారు."

మెట్టు మీద నుంచి నారాయణ గొంతు వినపడింది. "నాది గాదు సార్. మా యమ్మ మీద ఒట్టు. నేను నగ కట్టిన పొద్దు ఆడ తాడు లేదు."

రావు వెనక్కి తిరిగాడు. వాకిలి వైపు నుంచి ఒక లైట్‌మన్ కాగడాలు వెలిగించుకుంటూ కుడి వరసలో వస్తున్నాడు. నాలుగు వెలిగాయి. ఐదో దానికి చేయి ఎత్తాడు. దాని తర్వాత ఇదొక్కటే మిగిలింది.

ఆదినారాయణ పరిగెత్తాడు. లైట్‌మన్ చేతిలోని దివిటీని లాక్కుని నేలకు నొక్కి ఆర్పాడు. చెంబులో మిగిలిన నీళ్లు గురమ్మ తనే తెచ్చి దాని మీద పోసింది.

"షాటుకు ఇంకా గంటుంది," అన్నాడు రావు లైట్‌మన్‌తో. "ఇప్పుడే వెలిగించమని నీకెవరు చెప్పినారు?"

లైట్‌మన్ అందరి ముఖాలూ చూశాడు. అతనికి ఏమీ అర్థం కాలేదు.

"అయివారే బంగళా నుంచి చెప్పి పంపించినాడన్నారు సార్. మధ్యాహ్నం భోజనాలప్పుడు."

మధ్యాహ్నం భోజనాలప్పుడు వరదరాజులు మంచం కోడుకు కట్టేసి ఉన్నాడు. అతను ఇప్పుడు కూడా అక్కడే ఉండి ఉంటే, ఈ స్తంభం పేలాక అందరూ తలుచుకునే పేరు అతనిదే.

"ఎవరన్నారు?" అన్నాడు రావు. "మనిషిని చూపించు."

లైట్‌మన్ ఈటెల సైనికుల వరస వైపు తిరిగాడు. ఒక్కొక్క ముఖాన్నీ వేలితో దాటుకుంటూ పోయాడు. చివరి దాకా పోయి ఆగాడు. అక్కడ గోడకు ఒక ఈటె, దాని మీద ఒక తలపాగా ఆనించి ఉన్నాయి. మనిషి లేడు.